చెట్టెక్కే మనిషి ఉంటేనే తాటిచెట్టు

చెరువు కట్ట, కట్ట మీద తాటిచెట్ల వరుస, ఆకుల కొసలకు వేలాడే గిజిగాడి గూళ్ళు. ఉమ్మడి నల్గొండ జిల్లాలో ఏ ఊరి పొలిమేరలో నిలబడి చూసినా తరతరాలుగా కంటికి ఆనింది ఈ దృశ్యమే. నాటినవాడు లేడు, నీరు పోసినవాడు లేడు, ఎరువు వేసినవాడు అంతకన్నా లేడు. గట్టు మీద టెంకె పడింది, వాన కురిసింది, మొలిచింది. అలా తనంతట తాను పెరిగింది కాబట్టే కాబోలు, వరికీ పత్తికీ ఉన్నట్టు తాటిచెట్టుకు రైతు ఇంట లెక్కాపత్రం ఉండదు. అయినా రెండు తరాల కిందటి దాకా ఆ చెట్టు లేకుండా పల్లెలో పేదవాడి ఇల్లు లేచింది లేదు, పెళ్ళిపందిరి పడింది లేదు, ఎండాకాలం గడిచింది లేదు.

ఇప్పుడా వరుసల్లో సందులు పడ్డాయి. కొన్నిచోట్ల వరుసే లేదు. నరికిన మొద్దులు ట్రాక్టర్ల మీద ఇటుక బట్టీలకు పోతున్నాయి.

చెట్లు పోవడానికి గొడ్డలి ఒక్కటే కారణమనుకుంటే పొరపాటు. మర్రికీ రావికీ గుడి అండ ఉంది. మామిడికి తోట కంచె అండ ఉంది. తాటిచెట్టుకు ఉన్న అండ ఒక్కటే, మోకు వేసుకుని దాన్ని ఎక్కే మనిషి. అతను పూటపూటా ఎక్కినన్నాళ్ళు చెట్టు మీద ఎవరూ చెయ్యి వేయరు. అతను మోకు విప్పి దూలానికి తగిలించిన నాటి నుంచి ఆ చెట్టు వంటచెరకు కింద లెక్క. జిల్లాలో జరుగుతున్నది సరిగ్గా ఇదే.

సామెతల్లో తాడిచెట్టు

ఒక చెట్టు జనానికి ఎంత దగ్గరో తెలియాలంటే వారి సామెతలు వినాలి. బలం గురించి చెప్పాలంటే తాడిని తన్నేవాడుంటే వాడి తల తన్నేవాడుంటాడంటారు. కష్టం మీద కష్టం వస్తే మూలిగే నక్క మీద తాటిపండు పడ్డట్టంటారు. దొరికిపోయిన దొంగ చెప్పే సాకు దూడగడ్డి కోసం తాడిచెట్టెక్కానన్నది. తాటిచెట్టు కింద పాలు తాగినా కల్లే అనడం లోకం తీరు. తాటాకు చప్పుళ్ళకు కుందేళ్ళు బెదరవన్న మాట ఎన్నికలు వచ్చినప్పుడల్లా ఏదో ఒక సభలో వినబడుతూనే ఉంటుంది. టేకు మీద గానీ, ఎర్రచందనం మీద గానీ ఇన్ని సామెతలు లేవు. ఖరీదైన చెట్టు వేరు, కలిసి బతికిన చెట్టు వేరు.

‘కమ్మ’ అనే మాట చూడండి. కమ్మ అంటే తాటాకు. తాటాకు మీద రాసి పంపిన ఉత్తరమూ కమ్మే. చెవికి చుట్టి పెట్టుకున్న తాటాకు ముక్కా కమ్మే. తరవాత ఆ ఆభరణం బంగారానికి మారింది గానీ పేరు మారలేదు. ఈనాడు నగల దుకాణంలో కమ్మలు బేరమాడే ఆడవారు తెలియకుండానే తాటిచెట్టు పేరు తలుస్తున్నారన్నమాట.

కాగితం రాకముందు కావ్యాలు, పంచాంగాలు, వైద్యగ్రంథాలు, లెక్కలు అన్నీ తాటాకుల మీదికే ఎక్కాయి. ఆకును ఉడకబెట్టి, ఆరబెట్టి, ఒక కొలతకు కోసి, ఇనుప గంటంతో గీసి, గీతల్లో మసి పులిమేవారు. గంటంతో నిలువుగా అడ్డంగా గట్టి గీతలు గీస్తే ఆకు చీలుతుంది. తెలుగు అక్షరాలు ఇంత గుండ్రంగా తిరగడానికి అది ఒక కారణమని లిపి చరిత్ర రాసినవారు అంటారు. 19వ శతాబ్దంలో సి.పి. బ్రౌన్ తెలుగు గ్రంథాల కోసం వెదికించి నకళ్ళు రాయించినప్పుడు ఆయన చేతికి వచ్చిన కట్టల్లో ఎక్కువ తాటాకు కట్టలే. వేమన పద్యాలు ఈనాటి బడిపిల్లల నోటికి చేరాయంటే అందులో ఈ చెట్టు పాలూ ఉంది.

దూలం నుంచి విసనకర్ర దాకా

ముదిరిన తాటిమానును నిలువునా చీలిస్తే బయటి పొర నల్లగా, ఇనుములాగా ఉంటుంది. లోపలిది మెత్తటి పీచు. ఆ బయటి పొరతోనే దూలాలు, వాసాలు తీసేవారు. బాగా ముదిరిన కర్రకు చెద తొందరగా పట్టదు. పాత పెంకుటిళ్ళు కూలగొట్టినప్పుడు బయటపడే తాటివాసాలు కొత్త కొట్టానికి మళ్ళీ పనికి రావడం పల్లెల్లో అందరూ ఎరిగినదే. లోపలి మెత్తటి భాగాన్ని తొలిచేస్తే నీళ్ళు పారే దోనె అవుతుంది. కాలువకు అవతల ఉన్న మడికి ఆ దోనె మీదుగానే నీరు పోయేది. కొల్లేటి ప్రాంతంలోనైతే తాటిమాను మొదలును తొలిచి పడవగా మార్చి చేపల వేటకు వాడారు. రెండు దోనెలు జతకట్టి సరుకులు దాటించారు.

ఆకుల సంగతి చెప్పనక్కరలేదు. ఇంటికి కప్పు, పెరటికి తడిక, పెళ్ళికి పందిరి, వానకు గొడుగు, ఎండకు విసనకర్ర, పిల్లలకు బూర, ఆడపిల్లల బొమ్మలపెళ్ళికి వధూవరులు, అన్నీ ఆకుతోనే. మట్ట నుంచి తీసిన నారతో తాళ్ళు పేనారు. ఎండిన మట్టలు పొయ్యిలోకి పోయాయి.

తిండి కూడా అంతే. వేసవిలో ముంజలు, వానాకాలం చివర పండు, చలికాలంలో గేగులు. కోస్తా వారు తేగలనేవి ఇవే. రాలిన టెంకెలను మట్టిలో కప్పిపెడితే మొలక పైకి రాకుండా ముందు కిందికి దిగుతుంది. ఆ దిగిన దుంపను తవ్వి కాల్చుకునో ఉడకబెట్టుకునో తింటారు. టెంకె పగలగొడితే లోపల దూదిలాంటి తియ్యటి గుంజు. ఇదంతా కొనకుండా దొరికిన తిండి. కరవు జిల్లాగా పేరుపడిన ప్రాంతంలో కొనకుండా దొరికే తిండికి ఉన్న విలువ ముసలివారికి తెలుసు. వానలు లేక చేను ఎండిన ఏడు కూడా తాడిచెట్టు కాయ కాసింది. వేళ్ళు లోతుకు, చుట్టూ చాలా దూరానికి పోతాయి కాబట్టి దానికి ఒక ఏటి కరవు లెక్కలేదు.

ఏది పోతు, ఏది పంట

తాటిలో ఆడచెట్టు వేరు, మగచెట్టు వేరు. మగదాన్ని పోతుతాడు అంటారు, కాయ కాసేదాన్ని పండుతాడు అంటారు. చిక్కేమిటంటే మొలక చూసి ఏది ఏదో ఎవరూ చెప్పలేరు. పూత వస్తే గానీ తెలియదు. ఆ పూత రావడానికి 12 నుంచి 20 ఏళ్ళు పడుతుంది. అంటే చెట్టు ఆడదో మగదో తెలిసేనాటికి టెంకె నాటినవాడి కొడుక్కి మీసాలు వస్తాయి. తాటితోట వేయమని రైతుకు ఎవరైనా సలహా ఇస్తే అతను నవ్వడంలో తప్పులేదు. ఇంత ఓపిక పట్టే పంట మరొకటి లేదు. కాకపోతే ఒకసారి నిలదొక్కుకుంటే నూరేళ్ళకు పైగా బతుకుతుంది, 100 అడుగుల దాకా కూడా లేస్తుంది.

కల్లు రెండు రకాల చెట్ల నుంచీ వస్తుంది. పూతగెల బయటపడగానే గీత పనివారు దాన్ని కట్టి, ఒత్తి, మెత్తబరిచి, కొసను కత్తితో పలచగా చెక్కుతారు. కింద లొట్టి కడతారు. రసం చుక్కచుక్కగా దిగుతుంది. మళ్ళీ పూటకు మళ్ళీ చెక్కాలి. వరసగా కొన్ని పూటలు మానితే కోత ఎండి మూసుకుపోతుంది, ఆ గెల మీద పడిన కష్టమంతా వృథా. ఎంత మందాన చెక్కాలి, ఎంత ఒత్తాలి అన్నది పుస్తకంలో దొరికే చదువు కాదు. తండ్రి వెంట కొన్నేళ్ళు చెట్టెక్కి నేర్చుకోవాలి. గీయడం అన్న మాట నుంచే గీత కార్మికుడన్న పేరు వచ్చింది.

లొట్టికి లోపల సున్నం పూస్తే దిగిన రసం పులవదు, తియ్యగా ఉంటుంది. అదే నీరా. దాన్ని కాచి బెల్లం చేస్తారు. సున్నం లేకపోతే లొట్టిలోనూ గాలిలోనూ ఉన్న ఈస్టు పట్టుకుని, పొద్దెక్కేకొద్దీ పులిసి కల్లవుతుంది. గోదావరి జిల్లాల్లో తాటిబెల్లం చేసే అలవాటు నిలిచింది. తెలంగాణలో మాత్రం చెట్టు దాదాపు పూర్తిగా కల్లుకే అంకితమైంది. ఆ ఒక్క సరుకు మీదే మొగ్గడం ఈ చెట్టుకు ఎంత మేలు చేసిందో అంత కీడూ చేసింది.

మోకు మీద ప్రాణం

నడుముకు మోకు, పాదాలకు గుజి, మొలకు కత్తులు పెట్టుకునే ముత్తాదు. చాలాకాలం గీత కార్మికుడి పెట్టుబడీ ఇదే, రక్షణా ఇదే. ఒక మనిషి 15 చెట్లు పట్టాడనుకుందాం. చెట్టుకు 50 అడుగుల వంతున రెండు పూటలా ఎక్కితే రోజుకు 1500 అడుగులు ఎక్కడం, మళ్ళీ అంతా దిగడం. భువనగిరి గుట్ట సుమారు 500 అడుగులుంటుంది. రోజూ మూడుసార్లు ఆ గుట్ట ఎక్కి దిగిన లెక్క. గుట్టకైనా కాలు మోపే రాయి ఉంది, తాడిచెట్టుకు అదీ లేదు. వాన పడి మాను జారుతున్నా, గాలి కొడుతున్నా ఎక్కక తప్పదు. ఎక్కకపోతే గెల ఎండుతుంది. కొత్త కాలానికి ముందు కాటమయ్యకు మొక్కి, ఎల్లమ్మకు బోనం పెట్టి చెట్టు పట్టే ఆచారం ఎందుకు పుట్టిందో ఆ చెట్టు కింద నిలబడి తల ఎత్తి చూస్తే తెలుస్తుంది.

మోకు జారి పడినవారు చనిపోతే పత్రికలో నాలుగు వాక్యాల వార్త వస్తుంది. వెన్నుపూస విరిగి మంచాన పడినవారి గురించి ఆ నాలుగు వాక్యాలూ రావు. జిల్లాలో గీత కుటుంబాలున్న ఊళ్ళలో అలాంటి మంచం ఒక్కటైనా లేని ఊరు అరుదు. లైసెన్సు ఉన్న కార్మికుడు పనిలో చనిపోయినా, శాశ్వతంగా అవిటివాడైనా 5 లక్షల రూపాయల దాకా సాయం ఇచ్చే ఏర్పాటు తెలంగాణలో ఉంది. కానీ ఇంటాయన మంచాన పడి ఉండగా కాగితాలు పట్టుకుని తిరగాల్సింది ఇల్లాలే. మండువలో కల్లు పోసి, డబ్బులు లెక్కపెట్టి, ఇంటికొచ్చి వంట చేసిన చేతుల మీదే ఆ బరువు కూడా పడుతుంది.

2024 జూలై 14న రంగారెడ్డి జిల్లా లష్కర్‌గూడలో ప్రభుత్వం ‘కాటమయ్య రక్షణ కవచం’ పేరుతో సేఫ్టీ కిట్ల పంపిణీ మొదలుపెట్టింది. పట్టు తప్పినా మనిషి కింద పడకుండా ఒంటిని చెట్టుకు కట్టి ఉంచే సరంజామా ఇది. వాడడానికి శిక్షణ కావాలి. పాత మోకుకు అలవాటుపడినవారు తొలిరోజుల్లో ఇది చేతులకు అడ్డం వస్తోందని అనుకోవడం సహజం. అయినా ఈ పనిలోకి కొత్తగా ఎవరైనా కుర్రవాడు రావాలంటే ముందు అతని తల్లి ఒప్పుకోవాలి. ఆమెను ఒప్పించగలిగింది మోకు కాదు, ఇలాంటిదే.

చెట్టు ఎవరిది?

చెట్టు మొలిచింది రైతు గట్టు మీద. ఎక్కేది గీత కార్మికుడు. పన్ను వేసేది సర్కారు. ఈ మూడుముక్కల తగాదా చాలా పాతది. నిజాం పాలనలో ఆబ్కారీ రాబడి ఖజానాకు పెద్ద ఆసరా. చెట్లు వేలం పాడే గుత్తేదారులు బాగుపడ్డారు, ఎక్కేవాడు కూలివాడిగానే మిగిలాడు.

ఈ కులవృత్తి నుంచి వచ్చినవారిలో చరిత్రకెక్కిన పేరు సర్వాయి పాపన్నది. ఇప్పటి జనగామ జిల్లా ఖిలాషాపూర్‌లో కోట కట్టుకుని, మొగలుల కాలంలో జమీందార్లనూ ఫౌజుదార్లనూ ఎదిరించి, 1708లో ఓరుగల్లు మీద, ఆ మరుసటి ఏడు భువనగిరి మీద దండెత్తాడు. 1710లో పట్టుబడి హతుడయ్యాడు. అతని కథను జనం పాటగా కట్టి పాడుకున్నారు. బాయిల్ అనే ఇంగ్లీషు ఆయన 1874లో ఆ పాటను అచ్చువేయించాడు. మొగలుల రికార్డులకు అతను దోపిడీదొంగ, పాడుకున్నవారికి వీరుడు.

అంతకన్నా దగ్గరి కాలంలో సూర్యాపేటకు చెందిన బొమ్మగాని ధర్మభిక్షం గీత పనివారిని సంఘంగా కూడగట్టాడు. నిజాంకు ఎదురునిలిచిన తరం ఆయనది. గుత్తేదారు పోవాలి, గీసేవాడికే చెట్టు దక్కాలి అన్నది ఆ ఉద్యమం కోరిక. ఇప్పుడున్న కల్లుగీత సహకార సంఘాలు, ‘చెట్టు గీసేవాడికే’ అన్న లైసెన్సు పద్ధతి ఆ పోరాటాల దారిలో వచ్చినవే. ఆయన 1991లోనూ 1996లోనూ నల్గొండ నుంచి పార్లమెంటుకు ఎన్నికయ్యాడు. రెండోసారి ఫ్లోరైడు నీటి సమస్య మీద నిరసనగా వందలమంది నామినేషన్లు వేయడంతో బరిలో 480 మంది నిలిచిన ఎన్నిక అది. బ్యాలెట్ కాగితం పుస్తకమంత అయిందని జిల్లాలో ఇప్పటికీ చెప్పుకుంటారు.

గుత్తేదారు పోయాడు, సంఘం వచ్చింది. కానీ గట్టు రైతు మాట మధ్యలో మిగిలిపోయింది. చెట్టు వల్ల అతనికి వచ్చేది తక్కువ. రాలిన మట్టలు పైరు మీద పడతాయి, నీడకు ఒక సాలు సరిగా పెరగదు, ట్రాక్టరు తిరగడానికి గట్టు అడ్డం. రెండు మడులు కలిపి పెద్ద మడి చేసుకోవాలనుకున్న రైతుకు మొదట కనబడేది ఆ చెట్టే. పైగా ఇప్పుడు ఇంటికి దూలం అక్కరలేదు, పందిరికి ఆకు అక్కరలేదు. స్లాబు వచ్చింది, షామియానా వచ్చింది. బట్టీవాడు వచ్చి ఎంతో కొంత ఇస్తానంటే కాదనడానికి అతనికి కారణం కనబడదు. తాటి, ఈత చెట్లు ఆబ్కారీ లెక్కలోవి, అనుమతి లేకుండా నరికితే కేసు పెట్టవచ్చు. ఆ సంగతి రైతుకూ తెలుసు, బట్టీవాడికీ తెలుసు. జేసీబీ వచ్చి గంటలో పని ముగించుకుని పోయాక ఫిర్యాదు చేసేదెవరు? ఆ చెట్టు గీసే మనిషి ఉంటే అతను చేస్తాడు. అతను హైదరాబాదులో ఆటో నడుపుకుంటున్నాడు.

చెట్లు తగ్గాయి, కల్లు తగ్గలేదు

ఈ లెక్క ఎవరికి అర్థం కాకపోయినా తాగేవాడికి అర్థం కావాలి. చెట్లు తగ్గుతున్నాయి, గీసేవారు తగ్గుతున్నారు, అయినా పట్టణాల్లో కల్లు మాత్రం ఎన్ని సీసాలు కావాలంటే అన్ని దొరుకుతుంది. ఏ చెట్టు నుంచి వస్తోంది? క్లోరల్ హైడ్రేట్, డైజోపామ్, ఆల్ప్రాజోలం వంటి మత్తుమందులు కలిపిన నీళ్ళకు కల్లని పేరు పెట్టి అమ్ముతున్న వైనం తెలంగాణలో ఎన్నో ఏళ్ళుగా దాడుల్లో బయటపడుతూనే ఉంది. 2025 జూలైలో హైదరాబాదు కూకట్‌పల్లి ప్రాంతంలో కల్తీకల్లు తాగి పలువురు ప్రాణాలు పోగొట్టుకున్నారు. అలవాటుపడినవారికి ఒక పూట అది దొరకకపోతే వణుకు, పిచ్చిచూపులు, ఫిట్లు వస్తాయి. ఆస్పత్రులకు ఇలాంటివారు రావడం కొత్త కాదు.

చెట్టుకల్లు కూడా మత్తే. దాన్ని అమృతమని పొగడనక్కరలేదు. కల్లు దుకాణం వల్ల చితికిన కాపురాలు పల్లెల్లో లేకపోలేదు. కానీ చెట్టుకల్లుకు ఒక హద్దు ఉండేది. చెట్టు ఇచ్చినంతే కల్లు, గీసేవాడు దించినంతే అమ్మకం, మర్నాటికి పులిసి పనికిరాదు. పొడి కలిపేవాడికి ఏ హద్దూ లేదు, కాలమూ లేదు. అతని వల్ల మొదట నష్టపోయేది ప్రాణానికి తెగించి చెట్టెక్కే గీత కార్మికుడే. తన సరుకుకు పడాల్సిన ధర పడదు, పైగా కల్తీ అన్న నింద తనమీదే పడుతుంది. కొడుకును ఈ పనిలోకి దించకపోవడానికి ఇది చాలు.

కల్లు కాక మరేమిటి?

చెట్టును నిలపాలంటే దాని నుంచి వచ్చే రాబడి కల్లొక్కదాని మీద ఆధారపడకూడదన్న ఆలోచన చాలాకాలంగా ఉంది. 2019లో తెలంగాణ ప్రభుత్వం నీరా విధానం ప్రకటించింది. 2023లో హైదరాబాదు నెక్లెస్ రోడ్డులో నీరా కేఫ్ తెరిచారు. నీరాతో ఉన్న తంటా అది నిలవకపోవడం. దించిన క్షణం నుంచి చల్లదనంలో ఉంచి చేర్చాలి, లేకపోతే దారిలోనే కల్లవుతుంది. జిల్లాలోని మారుమూల మండువ నుంచి హైదరాబాదు గ్లాసు దాకా ఆ చల్లదనం తెగకుండా చూడడం ఒక్క గీత కార్మికుడి వల్ల అయ్యే పని కాదు, సంఘం చేయాలి.

తూర్పు కనుమల్లో రంపచోడవరం దగ్గరి పందిరిమామిడిలో ఉద్యాన పరిశోధన స్థానం తాటి మీద పనిచేస్తోంది. బెల్లం, పండు గుజ్జుతో చేసే తినుబండారాలు, గేగుల పిండి వంటివాటి మీద అక్కడ పరిశోధన సాగింది. తమిళనాడు తాటిచెట్టును రాష్ట్ర వృక్షంగా పెట్టుకుంది. 2021లో అక్కడి ప్రభుత్వం కలెక్టరు అనుమతి లేకుండా తాటిచెట్టు నరకరాదని ప్రకటించి, కొత్తగా టెంకెలు నాటించే పని మొదలుపెట్టింది. పిడుగుపాటు చావులు ఎక్కువగా ఉన్న బంగ్లాదేశ్‌లోనూ ఒడిశాలోనూ పొలాల్లో పొడవైన తాటిచెట్లుంటే పిడుగు మనిషి మీద కాక చెట్టు మీద పడుతుందన్న ఆలోచనతో లక్షల సంఖ్యలో నాటే కార్యక్రమాలు పెట్టుకున్నారు. అది ఎంతవరకు ఫలిస్తుందన్నది చెట్లు పెరిగాక తేలాలి. అంతదాకా ఉరిమినప్పుడు తాటిచెట్టు కింద నిలబడకపోవడం క్షేమం.

ఈ మధ్య ముంజలకు పట్టణాల్లో మంచి గిరాకీ వచ్చింది. ఎండాకాలం వస్తే జాతీయ రహదారి పక్కన చెట్టు నీడన ముంజలు కోసి అమ్మేవారు వరుసగా కూర్చుంటున్నారు. గీత కుటుంబాలకు, ముఖ్యంగా ఆడవారికి, ఇది నాలుగు డబ్బులు కనబడే పని. కల్లు వద్దన్నవారు కూడా ముంజలు కొంటారు. మంచిదే. అయితే ఇందులో ఒక మెలిక ఉంది. గెల మొత్తం ముంజలకే కోస్తే పండు ఉండదు. పండు లేకపోతే టెంకె రాలదు. టెంకె రాలకపోతే గట్టు మీద కొత్త మొక్క లేవదు. ఇన్నాళ్ళూ తాటిచెట్టును ఎవరూ నాటకపోయినా అది ఉండడానికి కారణం కోయకుండా వదిలేసిన గెలలే. అలా వదిలేసే గెల ఇప్పుడు తగ్గింది. రాలిన కాసిని టెంకెలూ గేగుల పాతరలోకి పోతున్నాయి. మిగిలి మొలిచిన మొక్క గట్టు కాల్చినప్పుడు మాడుతుంది, లేదంటే జేసీబీ కింద పడుతుంది.

2015లో మొదలైన హరితహారంలో చెరువు కట్టల మీద, వాగుల వెంట ఈత, తాటి పెంచాలని తలపెట్టారు. ఈత మొక్కను నర్సరీ సంచిలో పెంచి నాటవచ్చు. తాటి అలా కుదరదు. దాని మొలక ముందు లోతుగా కిందికి దిగుతుంది కాబట్టి సంచిలో పెంచి, తీసి నాటితే బతకడం కష్టం. టెంకెను ఉండాల్సిన చోటే పాతాలి. ఖర్చు కూడా లేదు. భాద్రపదంలో రాలిన పండు గుజ్జు తీసి, టెంకెను ఎక్కువ రోజులు ఎండబెట్టకుండా, తేమ ఉండగానే గడ్డపారతో గుంట తీసి పాతితే ఒకటి రెండు నెలల్లో మొలకెత్తుతుంది. టెంకెకూ టెంకెకూ మధ్య పదడుగులు ఉంటే చాలు. మొదటి ఆకు నేలపైకి రావడానికి ఇంకా కొన్ని నెలలు పడుతుంది, కాబట్టి ఏమీ కనబడడం లేదని తవ్వి చూడకూడదు. తొలి రెండు మూడేళ్ళు గొర్రెలు, మేకలు తొక్కకుండా, గట్టుకు నిప్పు పెట్టకుండా చూస్తే తరవాత దాని సంగతి అదే చూసుకుంటుంది. గట్టు మీద వేస్తే రైతుతో మాట్లాడుకోవాలి, చెరువు కట్ట మీదైతే గ్రామ పంచాయతీ, నీటిపారుదల శాఖ ఒప్పుకోవాలి. ఈ ఏడు పాతిన టెంకె గీతకు వచ్చేసరికి 2040 దాటుతుంది. ఆ చెట్టుకు మోకు వేయాల్సినవాడు ఇప్పుడు ఒకటో తరగతిలో ఉంటాడు.